ఎండిన బంద మట్టిలోంచి నీటి ఈగల్ని లేపడం ఎలా

వేసవిలో నెర్రెలిచ్చిన బందను, అంటే ఊరి చిన్న చెరువుని చూసి అందులో ఇక ప్రాణం లేదనుకుంటాం. కానీ ఉంది. గట్టిపడిన ఆ మట్టి పై పొరలో, ఉత్త కంటికి నల్లటి నలుసుల్లా కనిపించే పెంకుల్లో నీటి ఈగల గుడ్లు నిద్రపోతూ ఉంటాయి. ఒక పాత టబ్బు, రెండు గుప్పిళ్ల మట్టి, కాస్త వాననీరు ఉంటే చాలు, వాటిని మీ ఇంటి వరండాలోనే లేపచ్చు. శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో ఊరి పొలిమేర దాటకుండానే దీనికి కావలసినవన్నీ దొరుకుతాయి. వేసవి సెలవుల్లో పిల్లలకి ఇంతకంటే మంచి పని నాకు తెలియదు.

ముందు మనం ఎవరిని లేపబోతున్నామో కొంచెం తెలుసుకోవాలి. తెలియకుండా చేస్తే టబ్బులో ఏదో కదిలిందని చూసి వదిలేస్తారు.

నీటి ఈగ రొయ్యకీ పీతకీ చుట్టం. ఇందులో జాతులు చాలా ఉన్నాయి. పాఠ్యపుస్తకాల్లో బొమ్మ వేసేది ఎక్కువగా డాఫ్నియాది. అది సాధారణంగా రెండు మూడు మిల్లీమీటర్లు ఉంటుంది, కొన్ని జాతులు అయిదు దాకా పెరుగుతాయి. మన వైపు ఎండకి, నాలుగు నెలలు నిండి ఎండిపోయే బందలకి బాగా సరిపడేది మోయినా. ఇది ఒక మిల్లీమీటరుకి కాస్త అటూ ఇటూ ఉంటుంది. దాదాపు ఒళ్లంతా పారదర్శకమే. తలలో ఒకే ఒక్క నల్ల కన్ను, ఇరుపక్కలా చీలికలున్న రెండు పెద్ద మీసాలు. ఆ మీసాలతో నీటిని ఒక్కసారి కొట్టి పైకి గెంతుతుంది, మెల్లగా కిందికి జారుతుంది, మళ్లీ కొడుతుంది. గెంతును బట్టే దీన్ని గుర్తుపట్టాలి. నీటిలో ఇంకే పురుగూ సరిగ్గా ఇలా కదలదు.

నీళ్లూ తిండీ బాగున్నంతకాలం బందలో ఉండేవి దాదాపు అన్నీ ఆడవే. మగదాని అవసరం లేకుండానే గుడ్లు పెడతాయి, వీపు కింద ఉన్న అరలో వాటిని పొదుగుతాయి, పిల్లల్ని నేరుగా నీటిలోకి వదులుతాయి. ఆ పిల్లలూ ఆడవే. వెచ్చటి నీటిలో మోయినా పుట్టిన నాలుగైదు రోజులకే తల్లి అవుతుంది. ఆ తర్వాత రెండు రోజులకో విడత పిల్లల్ని పెడుతుంది. వానలు పడ్డ పది రోజులకే బంద నీళ్లు వీటితో కిటకిటలాడటానికి కారణం ఇదే.

బంద ఇంకడం మొదలై, గుంపు పెరిగి, తిండి తగ్గాక పద్ధతి మారిపోతుంది. అప్పుడు కొన్ని మగవి పుడతాయి. జత కట్టిన తర్వాత ఆడది వేరే రకం గుడ్డు పెడుతుంది. మోయినాలో అయితే ఒకటి లేదా రెండే. తల్లి వీపు పెంకు ఆ గుడ్డు చుట్టూ మందంగా, ముదురు రంగులో గట్టిపడుతుంది. కుబుసం విడిచినప్పుడు ఆ పెంకు గుడ్డుతో సహా ఊడి అడుగున పడుతుంది, లేదా తేలుతూ ఒడ్డుకి చేరుతుంది. దీన్ని ఎఫిపియం అంటారు. ఎండకి ఎండినా, కొంగ కాలికి అంటుకుని ఇంకో చెరువుకి పోయినా, బాతు కడుపులోంచి బయటపడినా లోపలి గుడ్డు బతకగలదు. అమెరికాలోని మినెసోటాలో ఒక సరస్సు అడుగు బురదలోంచి తీసిన డాఫ్నియా గుడ్లు సుమారు 700 ఏళ్ల నాటివని తేలింది. వాటిలో కొన్ని పొదిగాయి కూడా. 2014లో ఆ పరిశోధన అచ్చయింది. మన బందలో మట్టి అంత పాతది కానక్కర్లేదు. నిరుడు ఎండిపోయినదైతే చాలు. ఎండిన బంద అడుగు అంటే విత్తనాలు దాచిన గాదె అనుకోండి.

మట్టి ఎప్పుడు, ఎక్కడ తీయాలి

రోహిణి కార్తెలో మట్టి తీసి, మృగశిర వానతో తడపడం మంచి పద్ధతి. అంటే మే చివర్లో సేకరణ, జూన్‌లో పని మొదలు. మధ్యలో మే నెల గాలివాన ఒకటి పడి బంద అడుగు తడిసి మళ్లీ ఎండిపోయిందని టెన్షన్ పడకండి. ఒక తడికే గుడ్లన్నీ లేవవు. కొన్ని లేస్తాయి, మిగతావి తర్వాతి వాన కోసం ఆగుతాయి. అన్నీ ఒకేసారి లేచి, వారంలో నీళ్లు ఇంకిపోతే వంశమే పోతుంది కదా. అబద్ధపు వానల్ని తట్టుకోవడానికి ప్రకృతి పెట్టుకున్న ఏర్పాటు ఇది.

ఏటా ఎండిపోయే చిన్న బందను ఎంచుకోండి. విజయనగరం పెద్ద చెరువు, తాటిపూడి రిజర్వాయరు లాంటి పెద్ద నీటి వనరులు దీనికి అంత అనుకూలం కావు. అక్కడ చేపలు ఎక్కువ. చేపలున్నచోట పెద్ద నీటి ఈగలు ముందు మాయమవుతాయి, ఎందుకంటే చేప కంటితో వెతికి పట్టుకుంటుంది, పెద్దది ముందు కనబడుతుంది. దోమల కోసం గంబూసియా చేపల్ని వదిలిన నీటిగుంటలూ వద్దు. నౌపడ ఉప్పు మడుల పక్క నేలలూ వద్దు. మోయినాకి మంచినీరే కావాలి. పురుగుమందు కొట్టిన చేను మురుగు నేరుగా దిగే గుంటని, దోమల మందు చల్లే మురుగు కాలవని వదిలేయండి. దోమ పిల్లల్ని చంపే మందు నీటి ఈగనీ చంపుతుంది.

ఏ బంద మంచిదో తెలుసుకోవడానికి గట్టు మీద మేకలు కాసే పెద్దాయన్ని అడగండి. “ఏటి బాబూ, ఎండు బురద ఎత్తుకెళ్తన్నావు?” అని ముందు ఆయనే అడుగుతారు. విషయం చెప్పి, “తాతా, ఈ బందలో నీళ్లు ఏ నెలదాకా ఉంటాయి? చేపలేమైనా వదిల్తారా?” అని అడగండి. ఈ రెండు జవాబులూ ఏ మ్యాపులోనూ దొరకవు. వాన తర్వాత మూడు నాలుగు నెలలు నీళ్లుండి, చేపలు వదలని బంద అయితే సరిగ్గా అదే కావాలి.

మట్టిని ఒకేచోట తవ్వకండి. ఎఫిపియాలు కొన్ని మునుగుతాయి, కొన్ని తేలుతూ గాలి తోసినవైపు ఒడ్డుకి చేరి చెత్తతో కలిసి ఎండుతాయి. కాబట్టి చివరిదాకా నీళ్లు నిలిచిన పల్లంలో రెండు చోట్ల, ఒడ్డున చెత్త గీతలా పేరుకున్న దగ్గర మరో రెండు మూడు చోట్ల తీయండి. పై నుంచి రెండు సెంటీమీటర్లు మాత్రమే గరిటెతో గీకండి. లోతు మట్టిలో పాత గుడ్లు ఉండచ్చు గానీ, మనకి సులువుగా లేచేవి పైనే ఉంటాయి. వేర్లు, గవ్వలు, పెద్ద గడ్డలు ఏరేసి గుడ్డసంచిలో వేయండి. ప్లాస్టిక్ కవర్లో మూట కడితే చెమ్మ పట్టి బూజు వస్తుంది. సంచి మీద ఊరు, బంద పేరు, తేదీ రాయడం మర్చిపోవద్దు. నీడలో పెడితే ఇలా నెలల తరబడి ఉంటుంది.

నీళ్ల సంగతి

చాలామంది పని ఇక్కడే పాడవుతుంది. మట్టిలోని గుడ్డు లేవడానికి ఉప్పు శాతం తక్కువగా ఉన్న తాజా నీరు, వెలుతురు, గాలి, వెచ్చదనం కావాలి. అంటే మొదటి వాన బందకి ఏం తెస్తుందో అదే. అందుకే వాననీరే మేలు. డాబా మీద వాన మొదలైన మొదటి పావుగంట నీరు వదిలేసి, దుమ్ము కడుక్కుపోయాక బకెట్ పెట్టండి. వాన లేకపోతే నుయ్యి నీరు వాడచ్చు. ఉప్పగా ఉన్న బోరు నీరు వద్దు. కుళాయి నీరైతే క్లోరిన్ పోవడానికి వెడల్పు పాత్రలో ఒక రోజు బయట ఉంచండి.

రాగి బిందెలో నిలవ ఉంచిన నీరు మాత్రం చుక్క కూడా వద్దు. మనకి మంచిదని తాగే ఆ రాగే నీటి ఈగకి విషం. అతి తక్కువ మోతాదులో ఉన్నా చంపేస్తుంది. ఆర్‌ఓ నీరు ఒక్కటే వాడినా పని జరగదు, అందులో కాల్షియం దాదాపు ఉండదు. నీటి ఈగ పదే పదే కుబుసం విడిచి కొత్త పెంకు కట్టుకోవాలి, దానికి కాల్షియం కావాలి. పిల్లలు లేచిన తర్వాత వాననీటిలో నాలుగో వంతు నుయ్యి నీరు కలిపితే ఆ లోటు తీరుతుంది.

తడపడం

లోతు తక్కువ, వెడల్పు ఎక్కువ ఉన్న తెల్ల టబ్బు తీసుకోండి. సబ్బుతో కాదు, ఉత్త నీటితో కడగండి. అడుగున ఒక సెంటీమీటరు మందాన మట్టి పరవండి. మట్టి మీద ఒక చిన్న ప్లేటు పెట్టి, ఆ ప్లేటు మీద పడేలా నీళ్లు మెల్లగా పోయండి, లేకపోతే మట్టంతా లేచి రెండు రోజులు ఏమీ కనబడదు. నీటి లోతు ఒక జానెడు లోపే ఉంచండి. ప్లేటు తీసేయండి.

వరండాలో వెలుతురు బాగా పడేచోట పెట్టండి. మధ్యాహ్నపు ఎండ మాత్రం నేరుగా తగలకూడదు. జూన్ ఎండలో పలచటి నీరు గంటలో కాగిపోతుంది. మోయినాకి ముప్పై డిగ్రీల దాకా హాయిగానే ఉంటుంది, అంతకంటే బాగా పెరిగితే కష్టం.

టబ్బు మీద పాత దోమతెర ముక్క కట్టడం తప్పనిసరి. నిలవ నీరు అంటే దోమకి ఆహ్వానం, డెంగీ దోమకి ఈపాటి నీరు చాలు. తెర అంచు వదులు లేకుండా తాడుతో బిగించండి. టబ్బు దగ్గర దోమల కాయిల్, లిక్విడ్, స్ప్రే వాడకండి. వాటిలోని మందు నీటిలో పడితే మీ శ్రమంతా వృథా.

చూడటం

రెండో రోజు రాత్రి నుంచీ వెతకడం మొదలుపెట్టండి. పగలు కాదు, లైట్లు ఆర్పాక. టబ్బు పక్క నుంచి టార్చ్ వెలుగు నీటిలోకి పంపండి. కాసేపటికి ఆ వెలుగు దగ్గరికి తెల్లటి చుక్కలు గెంతుతూ చేరడం కనిపిస్తే పని అయినట్టే. నాలుగైదు రోజుల్లో మోయినా బయటపడుతుంది. వారం దాటినా ఏమీ లేకపోతే నీళ్లు తీసేసి, మట్టిని మళ్లీ పూర్తిగా ఎండబెట్టి, ఇంకోసారి తడపండి. మొదటి తడికి లేవనివి రెండో తడికి లేవచ్చు.

అదే మట్టిలోంచి ఇంకా చాలా జీవులు లేస్తాయి, అన్నీ నీటి ఈగలు కావు. రెండు చిప్పల మధ్య ఉండి అడుగున దొర్లుతూ పోయేది ఆస్ట్రాకాడ్. తోక దగ్గర ఇరువైపులా రెండు గుడ్ల సంచులు వేలాడుతూ, చటుక్కున దూకి ఆగేది సైక్లాప్స్. పూర్వం నారికురుపు వ్యాధి మనుషులకి చేరింది తాగేనీటిలో ఉన్న ఈ సైక్లాప్స్ ద్వారానే, డాఫ్నియా వల్ల కాదు. ఆ వ్యాధి మన దేశంలో లేదని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2000లో ధ్రువీకరించింది, కాబట్టి భయపడక్కర్లేదు. అయినా పిల్లలు ఆ నీరు నోట్లో పెట్టుకోకుండా చూడండి. పని అయ్యాక చేతులు సబ్బుతో కడిగించండి.

ఇక అసలు ఆనందం భూతద్దంతో. డ్రాపర్‌తో ఒకదాన్ని తీసి, గాజు పలక మీద చిన్న చుక్కలో పెట్టండి. ఫోన్ కెమెరాకి తగిలించే మాక్రో లెన్స్ ఉన్నా పనికొస్తుంది. శాస్త్రవేత్త మను ప్రకాష్ బృందం తయారుచేసిన కాగితపు మైక్రోస్కోప్ ఫోల్డ్‌స్కోప్ మీ స్కూల్లో ఉంటే ఇంకా మంచిది. చుక్క చిన్నదైతే జీవి అటూ ఇటూ తిరగలేదు.

ముందు కన్ను చూడండి, అది అదురుతూ ఉంటుంది. తర్వాత నోటి నుంచి వెనకదాకా సాగే పేగు. అది ఆకుపచ్చగా ఉంటే నాచు బాగా తింటోందని అర్థం. పాలిపోయి ఉంటే ఆకలితో ఉంది. పెంకు లోపల కాళ్లు ఆగకుండా ఆడుతుంటాయి. నడవడానికి కాదు, నీటిని లోపలికి లాగి అందులోని నాచు కణాల్ని, బాక్టీరియాని వడకట్టడానికి. వీపు పైభాగంలో, పిల్లల అరకి కాస్త ముందు, గుండె కొట్టుకుంటూ కనిపిస్తుంది. నిమిషానికి రెండు వందలు దాటే వేగం, కంటితో లెక్కపెట్టడం కష్టం. ఫోన్లో స్లో మోషన్ వీడియో తీసి లెక్కించండి. గాజు పలక కింద కాసేపు ఐస్‌ముక్క పెట్టి మళ్లీ లెక్కిస్తే వేగం తగ్గుతుంది. చల్లని రక్తం జీవి అంటే ఏమిటో పదో తరగతి పిల్లలకి ఇంతకంటే బాగా ఏ పాఠమూ చెప్పలేదు. రెండు నిమిషాలకు మించకుండా చూసి తిరిగి టబ్బులో వదిలేయండి. చుక్క వేడెక్కినా, ఆరినా అది చచ్చిపోతుంది.

ఇలా ఒళ్లు పారదర్శకంగా ఉండడం వల్లే 1884లో రష్యన్ శాస్త్రవేత్త ఇల్యా మెచ్నికోఫ్ ఒక ఈస్టు రోగం పట్టిన డాఫ్నియాని మైక్రోస్కోప్ కింద పెట్టి, రక్తకణాలు ఆ రోగక్రిమిని మింగడం కళ్లారా చూడగలిగారు. మన ఒంట్లో తెల్లరక్తకణాలు చేసే పనిని అర్థం చేసుకోవడంలో అది పెద్ద మెట్టు. ఆయనకి 1908లో నోబెల్ వచ్చింది. మీ టబ్బులో గెంతుతున్నది ఆ జీవికి దగ్గరి చుట్టమే.

తిండి

పిల్లలు లేచాక వాటిని మట్టి లేని వేరే పాత్రలోకి మార్చండి. టీ వడపోత జల్లిలోంచి చిన్నవి జారిపోతాయి కాబట్టి గ్లాసుతో ముంచి నీటితో సహా పోయడమే నయం.

అన్నిటికంటే మంచి తిండి పచ్చనీరు. ఏదైనా చెరువు నుంచి ఆకుపచ్చగా ఉన్న నీరు సీసాలో తెచ్చి, సన్నటి గుడ్డలో వడకట్టి, ఎండలో పెడితే రెండు మూడు రోజుల్లో ఇంకా పచ్చబడుతుంది. రోజూ ఒక గ్లాసు పోస్తే చాలు. అది దొరకకపోతే బ్రెడ్ చేసే ఈస్టు పది లీటర్లకి చిటికెడు, గోరువెచ్చటి నీటిలో కరిగించి పోయండి. తవుడు నానబెట్టి పిండిన నీరూ పనికొస్తుంది. కొలత ఏదైనా ఒకటే గుర్తు: తిండి వేసినప్పుడు నీరు కాస్త మసకబారాలి, మర్నాటికి తేటపడాలి. తేటపడకపోతే ఆ రోజు తిండి వేయొద్దు. ఆకలితో చచ్చేవాటికంటే అతిగా వేసిన తిండి కుళ్లి చచ్చేవే ఎక్కువ.

నీటి రంగు, జీవి రంగు రెండూ చూస్తూ ఉండండి. నీటి ఈగలు ఎర్రబడితే నీటిలో ఆక్సిజన్ తగ్గిందని అర్థం. తక్కువ గాలిని ఎక్కువగా పట్టుకోవడానికి ఒంట్లో హీమోగ్లోబిన్ పెంచుకుంటాయి. అప్పుడు నీటిలో మూడో వంతు మార్చండి, తిండి తగ్గించండి. వాసన వస్తే సగం మార్చండి. వీపు మీద నల్లటి మచ్చలా ఎఫిపియం కనబడటం మొదలైతే గుంపు ఎక్కువైందన్న సూచన. అప్పుడు సగం తీసి ఇంకో పాత్రలో వేయండి. లేదా గప్పీ చేపలుంటే వాటికి పెట్టండి. బతికున్న తిండి చూస్తే వాటి హుషారే వేరు.

మళ్లీ గుడ్లు కావాలంటే పై పనికి సరిగ్గా వ్యతిరేకం చేయాలి. ఒక పాత్రలో తిండి తగ్గించి, గుంపు పెరగనిచ్చి, నీరు మెల్లగా ఆవిరి కానివ్వండి. ఎఫిపియాలు అంచుకి, అడుగుకి చేరతాయి. వాటిని కాగితం మీదకి తీసి నీడలో ఆరబెట్టి, పాత కాగితపు కవరులో దాచండి.

మిగిలిన నీరు, మట్టి ఏం చేయాలి

ఈ నీటిని వేరే చెరువులో పోయకండి. డాఫ్నియా లమ్‌హోల్ట్‌జీ అనే ముళ్ల నీటి ఈగ ఆసియా, ఆఫ్రికా, ఆస్ట్రేలియాలది. 1990ల మొదట్లో అది అమెరికాలో టెక్సాస్ రాష్ట్రంలో బయటపడి, అక్కడి నుంచి ఎన్నో సరస్సులకి పాకింది. నీటితో, చేపలతో కలిసి ప్రయాణం చేయడం వీటికి అంత సులువు. మిగిలిన నీటిని మొక్కలకి పోయండి, లేదా ఎండిన నేల మీద పారబోయండి. మట్టిని మాత్రం ఏ బందలోంచి తెచ్చారో దానికే తిరిగివ్వచ్చు.

బంద గురించి ఒక మాట చెప్పకుండా ఉండలేను. మన రెండు జిల్లాల్లోనూ వేసవిలో ఉపాధి హామీ కింద చెరువుల పూడిక తీస్తారు. అది కావలసిన పనే, నీళ్లు నిలవాలి. కానీ అడుగంతా ఒకే ఏడు గీకేసి ఆ మట్టిని పొలాలకి తోలేస్తే, గుడ్లు నిద్రపోయే పై పొరంతా పోతుంది. వాన నీటిలో పచ్చనాచును మేసి నీటిని తేటపరిచేవి నీటి ఈగలు. చేపపిల్ల నోరు తెరిచిన మొదటి రోజుల్లో తినేది వీటినీ, వీటి సాటి చిన్న జీవుల్నే. ఆ చేపల్ని నమ్ముకునే టెక్కలి దగ్గర తేలినీలాపురం చింతచెట్ల మీద పెలికాన్లు పిల్లల్ని పెంచుకుంటాయి.

అందుకని పూడిక పని మొదలవకముందే ఆ పని చూసే ఫీల్డ్ అసిస్టెంట్‌నో, మేట్‌నో కలిసి బందలో ఒక మూల వదిలేయమని అడగండి. మదుం (తూము) ఉన్న వైపు కాదు, అక్కడ పూడిక తీయకపోతే నీళ్లు పారవు. గాలి తోసే వైపు ఒడ్డున, చివరిదాకా చెమ్మ ఉండే పల్లంతో కలిపి, పది అడుగుల వెడల్పు ఉన్నా సరిపోతుంది. నాలుగు కర్రలు పాతి తాడు కట్టి చూపిస్తే గునపం పట్టినవాళ్లకి ఎక్కడ ఆగాలో తెలుస్తుంది. ఈ ఏడు ఆ మూల వదిలి మిగతాది, వచ్చే ఏడు ఆ మూల తీయచ్చని చెబితే పనిదినాలూ తగ్గవు కాబట్టి వాళ్లు కాదనరు.